మెట్టు తప్పిన మోకాలు: తొడ స్నాయుబంధ గాయాలు, వాటి చికిత్స



చిక్కబళ్ళాపురం, బాగేపల్లి, చింతామణి ప్రాంతాల జీవనంలో ఎక్కడం, దిగడం, బరువులెత్తడం నిత్యకృత్యాలు. నందికొండ మెట్లదారిన నడిచేవారు, గుమ్మనాయకనపాళ్యం కోటకూ కైలాసగిరికీ వెళ్ళేవారు, మల్బరీ ఆకు మోపు నెత్తిన పెట్టుకొని గట్టు దాటేవారు, మార్కెట్లో టమాటా పెట్టెలు లారీకెక్కించేవారు, వీరందరి బరువునూ ప్రతి అడుగులోనూ మోసేది మోకాలే. ఆ మోకాలిని నిలబెట్టేది తొడ కండరం. ఆ కండరాన్ని మోకాటి చిప్పకు కట్టి ఉంచే బంధం తెగితే ఎంత బలశాలి అయినా నిలువలేడు.

ఈ ప్రసంగం మొత్తంలో గుర్తుంచుకోవలసిన ప్రశ్న ఒక్కటే. పడిన తరువాత, మోకాలు వంచకుండా, కాలిని చాచిన స్థితిలోనే పడక మీదినుండి పైకి లేపగలుగుతున్నారా? లేపలేకపోతే అది బెణుకు అని ఊరుకోరాదు. అదే రోజు, తప్పితే మరునాడు, ఎముకల వైద్యుని వద్దకు వెళ్ళవలెను. ఈ ప్రశ్నకు అంత ప్రాధాన్యం ఎందుకో తెలియాలంటే ముందుగా శరీర నిర్మాణం కొంత తెలియాలి.

తొడ ముందుభాగంలో నాలుగు కండరాలు ఉన్నాయి. వీటిని కలిపి వైద్యులు క్వాడ్రిసెప్స్ అంటారు. ఈ నాలుగూ కిందికి వచ్చేసరికి ఒకే దళసరి పట్టీగా కలిసి మోకాటి చిప్ప పైఅంచుకు అతుక్కుంటాయి. కండరాన్ని ఎముకకు కట్టే ఇటువంటి తెల్లని గట్టి తాడునే స్నాయుబంధం అంటారు. ఆసుపత్రిలో దీనిని టెండన్ అంటారు. చిప్ప కిందినుండి మరొక స్నాయుబంధం కాలి ముందు ఎముకకు దిగుతుంది. కండరం బిగిసినప్పుడు ఈ తాడు చిప్పను పైకి లాగుతుంది, చిప్ప కాలిని లాగుతుంది, మోకాలు చాచుకుంటుంది. బావి గిలకలో తాడు తెగితే చేద పైకి రానట్లే, స్నాయుబంధం తెగితే ఎముక చెక్కుచెదరకపోయినా మోకాలు చాచుకోదు. తొడ వెనుకభాగంలో మూడు కండరాలు పిరుదు కింది ఎముకనుండి మోకాలి కిందివరకు సాగుతాయి. వీటిని హామ్‌స్ట్రింగ్స్ అంటారు. ఇవి మోకాలిని వంచుతాయి, పరుగులో కాలిని వెనుకకు తోస్తాయి.

ముందు స్నాయుబంధం సాధారణంగా ఎలా తెగుతుంది? మెట్టు దిగుతుండగా అడుగు తప్పుతుంది. పాదం నేలకు ఆని ఉంటుంది, మోకాలు కొంచెం వంగి ఉంటుంది. పడిపోకుండా ఆపుకొనడానికి తొడ కండరం ఒక్కసారిగా బిగుస్తుంది. అదే క్షణంలో దేహభారం మోకాలిని ఇంకా వంచుతుంది. ఈ రెండు లాగుడుల మధ్య బంధం తెగుతుంది. నలభై ఏళ్ళు దాటినవారిలో, అందునా పురుషులలో, ఇది ఎక్కువ. చిప్ప కింది స్నాయుబంధం తెగడం నలభైలోపు వయసువారిలో, ఆటగాళ్ళలో ఎక్కువ.

ఈ ప్రమాదానికి హోదా లేదు. 1997 మార్చి 14న, అర్ధరాత్రి దాటిన తరువాత, అమెరికా అధ్యక్షుడు బిల్ క్లింటన్ ఫ్లోరిడాలో గోల్ఫ్ ఆటగాడు గ్రెగ్ నార్మన్ ఇంటివద్ద మెట్లు దిగుతూ అడుగు తప్పారు. కుడి మోకాలి పైని స్నాయుబంధం తెగింది. అప్పుడు ఆయన వయసు 50 ఏళ్ళు. అదే రోజు బెథెస్డా నౌకాదళ ఆసుపత్రిలో శస్త్రచికిత్స జరిగింది. మరుసటి వారం హెల్సింకిలో రష్యా అధ్యక్షుడు యెల్ట్‌సిన్‌తో జరిగిన సమావేశానికి ఆయన చక్రాల కుర్చీలో వెళ్ళారు. ఇక్కడ గమనించవలసినది ఆయన పదవిని కాదు, కాలాన్ని. గాయం, పరీక్ష, చికిత్స అన్నీ ఒకే రోజులో జరిగాయి.

కన్నడ నాటికి చెందిన క్రికెట్ ఆటగాడు కె.ఎల్. రాహుల్ ఉదాహరణ ఇంకా దగ్గరిది. 2023 మే 1న లక్నోలో బెంగళూరు జట్టుతో ఆడుతూ, బంతి వెంట సరిహద్దువైపు పరుగెత్తుతుండగా ఆయన కుడి తొడ స్నాయుబంధానికి తీవ్రమైన గాయమైంది. అదే నెలలో శస్త్రచికిత్స జరిగింది. తరువాత బెంగళూరులోని జాతీయ క్రికెట్ అకాడమీలో నెలల తరబడి వ్యాయామ చికిత్స సాగింది. సెప్టెంబరులో కొలంబోలో పాకిస్తాన్‌పై ఆయన అజేయంగా 111 పరుగులు చేశారు. యువకుడు, క్రీడాకారుడు, అన్ని వసతులూ ఉన్నవాడు. అయినా మైదానానికి తిరిగి రావడానికి నాలుగు నెలలు పట్టింది. కూలిపనికి పోయే మనిషి నాలుగు వారాలకే బరువెత్తితే ఏమవుతుందో ఊహించుకోవచ్చును.

ఇక లక్షణాలు. తెగిన క్షణంలో పట్‌మని చప్పుడు వినిపించవచ్చును. ఎవరో వెనుకనుండి కొట్టినట్లు అనిపించవచ్చును. మోకాలు వాస్తుంది, కమిలి నల్లబడుతుంది. చిప్పకు పైన వేలితో తాకితే గుంట తగలవచ్చును. నడవబోతే మోకాలు మడతపడి కూలబడతారు. అన్నిటికంటే ముఖ్యమైనది ముందు చెప్పిన పరీక్షయే, చాచిన కాలు పైకి లేవదు. పాక్షికంగా తెగినప్పుడు కాలు లేవవచ్చును గాని బలహీనంగా, నొప్పితో లేస్తుంది. వెనుక కండరాలకు గాయమైతే పరుగు మధ్యలో తొడ వెనుక కొరడా దెబ్బ తగిలినట్లు ఉంటుంది. పిరుదు కింద ఎముకనుండే బంధం ఊడితే కూర్చోవడం కష్టమవుతుంది, నల్లని కమిలిక తొడ వెనుకంతా పాకుతుంది.

ఈ గాయం గుర్తింపు తప్పడానికి రెండు కారణాలు ఉన్నాయి. మొదటిది వాపు. రక్తం చేరి వాచిన మోకాలిలో చిప్ప మీది గుంట కనిపించదు. రెండవది ఎక్స్‌రే. ఎక్స్‌రేలో ఎముకలు స్పష్టంగా కనిపిస్తాయి గాని, తెగిన స్నాయుబంధం నేరుగా కనిపించదు. చిప్ప కిందికి జారినట్లు ఉండడం వంటి గుర్తులు మాత్రమే అనుభవజ్ఞులకు తోస్తాయి. “ఎముక విరగలేదు” అన్న మాట విని “ఏమీ కాలేదు” అని ఇంటికి వెళ్ళిపోవడం ఇక్కడ జరిగే పొరపాటు. కాలు లేవకపోతే అల్ట్రాసౌండ్ గాని ఎం.ఆర్.ఐ. గాని అవసరమా అని వైద్యుని తప్పక అడగవలెను.

ఇందులో భాషకు కూడా పాత్ర ఉంది. కైవారం తాతయ్య తెలుగులోనూ కన్నడంలోనూ పాడిన ప్రాంతం ఇది. ఇక్కడ ఒకే ఇంట్లో బెణుకు అనీ, ఉళుకు అనీ రెండు మాటలూ వినిపిస్తాయి. అయితే తెలుగువారు స్నాయుబంధాన్నీ, రక్తనాళాన్నీ, నాడినీ అన్నిటినీ “నరం” అనే ఒక్క మాటతోనే చెబుతారు. “నరం పట్టింది” అంటే విన్న వైద్యునికి ఏమి జరిగిందో తెలియదు. అందుచేత పేరు చెప్పడం కంటే, ఏ పని చేయలేకపోతున్నారో చెప్పడం మేలు. “మెట్టు తప్పి పడ్డాను, చప్పుడు వినిపించింది, మోకాలు చాచలేకపోతున్నాను” అని చెప్పవలెను. తెలుగు మాత్రమే తెలిసిన పెద్దలు “మొణకాలు నేర మాడలు ఆగుత్తిల్ల” అన్న కన్నడ వాక్యాన్ని గుర్తుంచుకుంటే చాలును.

కొందరిలో స్నాయుబంధం ముందే బలహీనపడి ఉంటుంది. మధుమేహం, దీర్ఘకాలపు మూత్రపిండాల వ్యాధి, గౌట్, కీళ్ళవాతం ఉన్నవారు, చాలాకాలం స్టిరాయిడ్లు వాడినవారు ఈ కోవకు చెందుతారు. సిప్రోఫ్లాక్సాసిన్ వర్గానికి చెందిన యాంటీబయాటిక్‌లు కూడా అరుదుగా స్నాయుబంధాలను దెబ్బతీస్తాయి. అమెరికా ఔషధ నియంత్రణ సంస్థ 2008లోనే వీటిపై గట్టి హెచ్చరిక ముద్రింపజేసింది. ఆ మందులు వాడుతుండగా స్నాయుబంధం వద్ద కొత్తగా నొప్పి మొదలైతే వెంటనే వైద్యునికి తెలియజేయవలెను. వాడుతున్న మందుల చీటీలన్నీ వెంట తీసుకొనిపోవలెను.

బాగేపల్లి, చింతామణి తాలూకాల వారికి మరొక మాట. ఇక్కడి అనేక బోరుబావుల నీటిలో ఫ్లోరైడ్ ఎక్కువ. ఏళ్ళ తరబడి ఆ నీరు తాగితే ఎముకలూ, కీళ్ళూ, వాటి చుట్టూ ఉన్న బంధాలూ బిరుసెక్కుతాయి. ఫ్లోరైడ్ వల్లనే తొడ స్నాయుబంధం తెగుతుందని ఇక్కడ చెప్పడం లేదు. ప్రమాదం వేరే చోట ఉంది. మోకాలి నొప్పికి అలవాటుపడిన ఇంట్లో కొత్త గాయాన్ని కూడా పాత నొప్పిగానే లెక్కవేస్తారు. నిన్నటివరకు నొప్పితోనైనా నడిచిన మనిషి ఈ రోజు కాలు లేపలేకపోతే అది పాత నొప్పి కాదు.

గాయమైన వెంటనే చేయవలసిన పనులు ఇవి. నడవడం ఆపవలెను. మోకాలిని చాచి ఉంచి, కింద చెక్కబద్ద గాని మందమైన అట్ట గాని పెట్టి, గుడ్డతో వదులుగా కట్టవలెను. మంచుముక్కలను గుడ్డలో చుట్టి పదిహేను నుండి ఇరవై నిమిషాలు, రెండు మూడు గంటలకొకసారి పెట్టవలెను. మంచు నేరుగా చర్మానికి తగలరాదు. కాలిని దిండ్లపై ఎత్తుగా ఉంచవలెను. నూనె మర్దన, వేడి కాపడం, కాలు పట్టి లాగడం మొదటి రోజులలో చేయరాదు. అవి లోపలి రక్తస్రావాన్ని పెంచుతాయి. నడవలేని మనిషిని ద్విచక్ర వాహనంపై కూర్చోబెట్టి తీసుకొనిపోక, 108 అంబులెన్సును పిలువవలెను.

సరిహద్దు ప్రాంతాలలో ఎముక విరిగితే పుత్తూరు కట్టుకు వెళ్ళే ఆచారం పాతది. ఆ ఆచారం మీద ఇక్కడ తీర్పు చెప్పడం లేదు. కాని తెగిన స్నాయుబంధం సంగతి వేరు. పై కొసను కండరం పైకి లాక్కుంటుంది. దూరమైన రెండు కొసలను పైనుండి కట్టే ఏ కట్టూ ఒకచోట చేర్చలేదు.

ఆసుపత్రిలో చికిత్స గాయపు తీవ్రతను బట్టి ఉంటుంది. పాక్షికంగా తెగి, కాలు లేపగలిగితే శస్త్రచికిత్స లేకుండానే నయం కావచ్చును. మోకాలిని చాచిన స్థితిలో కొన్ని వారాలు పట్టీలో ఉంచి, తరువాత క్రమంగా వంచుతారు. పూర్తిగా తెగితే శస్త్రచికిత్స అవసరం. తెగిన కొసకు గట్టి దారాలు కుట్టి, మోకాటి చిప్పలో చేసిన సన్నని రంధ్రాల గుండా గాని, చిన్న మేకుల వంటి సాధనాల సాయంతో గాని చిప్పకు బిగిస్తారు. ఇది మొదటి రెండు మూడు వారాలలో జరిగితే ఫలితం బాగుంటుంది. ఆలస్యమైన కొద్దీ కండరం కుంచించుకుపోతుంది, కొసలు కలవవు. అప్పుడు వేరొకచోటినుండి స్నాయుబంధపు ముక్కను తెచ్చి అతకవలసి రావచ్చును. మొదటి వారంలో సులువుగా ముగిసే పని మూడవ నెలలో పెద్ద శస్త్రచికిత్సగా మారుతుంది.

తొడ వెనుక కండరాల గాయాలలో అధికభాగం విశ్రాంతి, క్రమమైన వ్యాయామాలతోనే మానుతాయి. నొప్పి తగ్గగానే పరుగెత్తితే అదే చోట మళ్ళీ చిరుగుతుంది. పైన ఎముకనుండి బంధాలు పూర్తిగా ఊడిపోయిన సందర్భాలలో శస్త్రచికిత్స అవసరం కావచ్చును.

శస్త్రచికిత్స తరువాతి కాలమే కుటుంబానికి నిజమైన పరీక్ష. సుమారు ఆరు వారాలు పట్టీ ఉంటుంది. వైద్యుడు చెప్పిన కొలతలోనే మోకాలు వంచవలెను. ఫిజియోథెరపీ మానరాదు. బరువు పనులకు నాలుగు నుండి ఆరు నెలలు, కొందరికి అంతకంటే ఎక్కువ కాలం పడుతుంది. ఈ మధ్యకాలంలో పిక్క వాచి నొప్పి పెట్టినా, హఠాత్తుగా ఆయాసం వచ్చినా రక్తం గడ్డకట్టి ఉండవచ్చును, ఒక్క గంట కూడా ఆగరాదు. కుట్ల వద్ద చీము గాని జ్వరం గాని కనిపిస్తే వెంటనే చూపించవలెను.

ఖర్చు భయంతో ఇంట్లో ఉండిపోయేవారు చాలామంది. చింతామణి, బాగేపల్లి తాలూకా ఆసుపత్రులలో మొదటి పరీక్ష చేయించుకొని, అక్కడినుండి చిక్కబళ్ళాపురం జిల్లా ఆసుపత్రికి గాని, బెంగళూరులోని సంజయ్ గాంధీ ఎముకల ఆసుపత్రికి గాని పంపే చీటీ అడగవచ్చును. ఆయుష్మాన్ భారత్ ఆరోగ్య కర్ణాటక పథకం తమకు వర్తించునా అని రేషన్ కార్డు, ఆధార్ చూపి మొదటి రోజే విచారించవలెను.

చివరిగా నివారణ. రోజూ కుర్చీలోనుండి చేతుల ఊతం లేకుండా పదిసార్లు లేచి కూర్చుంటే తొడ కండరాలు బలపడతాయి. ఆటకు ముందు శరీరాన్ని వేడెక్కించడం యువకుల బాధ్యత. మెట్ల చివరి మెట్టు అంచున తెల్లరంగు గీత, రాత్రివేళ ఒక దీపం, పట్టుకొనడానికి ఒక కమ్మీ, ఇవి ఇంటివారు చేయగల పనులు. వీధిలోని మెట్ల వద్ద దీపం వెలగకపోతే పురసభ కార్యాలయంలో ఫిర్యాదు వ్రాయించడం పౌరుల హక్కు. అడుగు తప్పడం ఎవరి చేతిలోనూ లేదు. తప్పిన తరువాత కాలు లేస్తుందో లేదో చూసుకొని, లేవకపోతే ఆ రోజే బయలుదేరడం మాత్రం అందరి చేతిలోనూ ఉంది.