జాబ్ మానేయనా అన్నా? ఫిలిప్ గ్లాస్ టాక్సీ కథ

పోయిన ఎపిసోడ్ కింద ఒక తమ్ముడు అడిగాడు: "అన్నా, చిన్న సినిమాలకి, డాక్యుమెంటరీలకి మ్యూజిక్ చేయాలని ఉంది. జాబ్ మానేయనా?"

నేను సాఫ్ట్‌వేర్ మానేసినవాణ్ణే కదా, అవును అంటానని అనుకుని ఉంటాడు. ఆగు తమ్ముడూ, ముందు ఫిలిప్ గ్లాస్ గురించి విను.

1937లో బాల్టిమోర్‌లో పుట్టిన అమెరికన్ కంపోజర్. 1976లో ఆయన ఓపెరా 'ఐన్‌స్టైన్ ఆన్ ది బీచ్'ని న్యూయార్క్ మెట్రోపాలిటన్ ఓపెరా హౌస్‌లో వేశారు. హౌస్‌ఫుల్! ఆ తర్వాత ఏం చేశారో తెలుసా? మళ్లీ టాక్సీ ఎక్కారు. పేరొచ్చింది, అప్పులూ మిగిలాయి. అంతకుముందు ప్లంబింగ్ కూడా చేశారు. ఒకసారి ఒకాయన ఇంట్లో డిష్‌వాషర్ బిగిస్తుంటే, ఆ ఇంటాయన చూసి నోరెళ్లబెట్టాడట. ఆయన టైమ్ పత్రిక ఆర్ట్ క్రిటిక్ మరి! గ్లాస్ మాత్రం ఏమీ ఇబ్బంది పడలేదు. 41 ఏళ్లు వచ్చేదాకా ఇలాంటి పనులతోనే ఇల్లు గడిచింది.

ఇక సినిమాలు. 1982లో గాడ్‌ఫ్రే రెజియో తీసిన 'కొయానిస్కాట్సీ'లో డైలాగ్ లేదు, వాయిస్ ఓవర్ లేదు. కొండలు, మబ్బులు, సిటీ ట్రాఫిక్, వాటితో పాటు గ్లాస్ సంగీతం. కథ చెప్పే పని చాలావరకు ఆ మ్యూజిక్‌దే.

నాకు బాగా నచ్చింది మాత్రం 1988 నాటి 'ది థిన్ బ్లూ లైన్'. ఎరాల్ మారిస్ డాక్యుమెంటరీ. డల్లాస్‌లో పోలీసాయన హత్య కేసులో రాండల్ ఆడమ్స్ జైల్లో ఉన్నాడు. అదే రాత్రిని ఒక్కో సాక్షి ఒక్కోలా చెప్తుంటే, సినిమా ఆ సీన్‌ని మళ్లీ మళ్లీ చూపిస్తుంది. గ్లాస్ సంగీతం కూడా అంతే, చిన్న ముక్క తిరిగి తిరిగి వస్తూ కొద్దికొద్దిగా మారుతుంది. చూస్తున్న మనకి అనుమానం పెరుగుతూ పోతుంది. సినిమా వచ్చాక ఏడాదికి, 1989లో, ఆడమ్స్ బయటికొచ్చాడు. మ్యూజిక్ వల్లే అనను, పరిశోధన మారిస్‌ది.

డబ్బు సంగతి కూడా చెప్పాలి. గ్లాస్ తన సంగీతం హక్కుల కోసం సొంత పబ్లిషింగ్ కంపెనీ పెట్టుకున్నారు. 1988లో 'పొవాకాట్సీ'కి చేసిన మ్యూజిక్, పదేళ్ల తర్వాత 'ది ట్రూమన్ షో'లో మళ్లీ వినిపించింది. మన దగ్గరా 2012 కాపీరైట్ సవరణ ప్రకారం, థియేటర్ బయట వాడకానికి వచ్చే రాయల్టీలో కంపోజర్ తన వాటాని వదులుకుంటున్నట్టు రాసిచ్చినా చెల్లదు. చిన్న సినిమా కదా అని అగ్రిమెంట్ చదవకుండా సంతకం పెట్టేయకు.

కాబట్టి తమ్ముడూ, జాబ్ ఇప్పుడే మానకు. శని, ఆదివారాల్లో ఒక షార్ట్ ఫిల్మ్‌కి చేసి లింక్ పంపు, హెడ్‌ఫోన్స్ పెట్టుకుని మరీ వింటా.