హాస్యనటి సూర్యకాంతము
(వరంగల్లున జరిగిన మన సంఘ వార్షిక మహాసభయందు చేసిన యుపన్యాసము)

  

ఈ సభలో నాలుగు మాటలు చెప్పుమని కార్యదర్శిగారు నన్ను కోరినప్పుడు, నేనేదియో కావ్యమును గూర్చి ముచ్చటింతునని తలచియుందురు. బడిలో ముప్పదియైదేండ్లు పాఠములు చెప్పినవానికి అదియే యుచితమని మీరును భావింతురు. కాని నేడు కావ్యనాయికను విడిచి, మన యిండ్లలో నాబాలగోపాలము నెరిగిన యొక హాస్యనటిని గూర్చి మనవి చేయదలచితిని. ఆమె శ్రీమతి సూర్యకాంతముగారు. ఈ విషయమునే యేల గ్రహించితినో తుదకు మీకే విదితము కాగలదు.

ఆమె 1924 వ సంవత్సరము అక్టోబరు 28 వ తేదీన కాకినాడ చేరువనున్న వెంకటకృష్ణరాయపురమున జన్మించిరి. చలనచిత్రములయందలి మక్కువచే మదరాసు చేరి, 1946 లో 'నారద నారది' యను చిత్రమున నటించిరి. 1950 లో వెలువడిన 'సంసారము'న గయ్యాళిపాత్ర ధరించునాటికి ఆమెకు ముప్పదియేండ్లైన నిండలేదు. ఆ పాత్రతో నామె త్రోవ స్థిరపడెను. 1957 లో వచ్చిన 'మాయాబజారు'న ఘటోత్కచుని తల్లియగు హిడింబగా కనబడిరి. ఆ ఘటోత్కచుడైన యస్.వి. రంగారావుగారు 1918 లో జన్మించినవారు. అనగా తల్లికంటె కొడుకే ఆఱేండ్లు పెద్ద! అయినను చూచువారికి ఆ సందేహము కలుగదు. నటనయనగా నిదియే కదా.

పిదప 1962 లో విజయా సంస్థవారి 'గుండమ్మకథ' విడుదలయ్యెను. దర్శకులు కమలాకర కామేశ్వరరావుగారు. అందు నందమూరి తారకరామారావుగారు, అక్కినేని నాగేశ్వరరావుగారు, సావిత్రిగారు, జమునగారు ఉన్నారు. ఇంతటి నాయకు లిరువురుండగా చిత్రమునకు పేరు మాత్రము గయ్యాళిదగు గుండమ్మది! ఆ గౌరవము హాస్యపాత్రధారిణికి లభించుట సామాన్యవిషయము కాదు.

ఆ గుండమ్మను కొంచెము పరిశీలింతము. ఆమె వితంతువు. సవతికూతురిని పనికత్తెగా జూచి, కన్నకూతురిని నెత్తిన బెట్టుకొనును. నోటిదురుసుతనమే ఆమెకు ఆయుధము, అదియే కవచము. మగదిక్కులేని యింటిని నోటితో కాపాడుకొను స్త్రీలను మనము మన వాడలలో చూడలేదా? సూర్యకాంతముగారు ఆ మాట విరుపుతో, ఆ చూపుతో, ఎడమచేతిని త్రిప్పుటతో మనలను నవ్వించిరి. కాని ఆ దురుసుతనము వెనుకనున్న భయమును గూడ దాచలేదు. అందువలననే తుదకు దుర్గమ్మ చేజిక్కి గుండమ్మ బాధపడునప్పుడు, అంతవరకు నవ్వినవారికే జాలి కలుగును. ఆమెను విడిపింపవచ్చినది తాను బాధించిన సవతికూతురే. భరతముని హాస్యమును స్మితము మొదలు అతిహసితము వరకు ఆఱువిధములుగా విభజించెను. ఆ యాఱింటిని దాటించి ప్రేక్షకుని కరుణకు చేర్చుట ఎల్లరకు సాధ్యము కాదు.

ఇక నామె పేరును గూర్చి యొకమాట. సూర్యకాంతమనగా నొక శిల. తాకిన చల్లగనుండును, సూర్యకిరణము సోకిన నిప్పులు గ్రక్కును. కాళిదాసు శాకుంతలమున తపోధనుల స్వభావమునకు దీనినే యుపమానముగా గ్రహించెను. ఈమెకును నది సరిపోవును. తెరమీద నిప్పు, తెరవెలుపల చల్లదనము. ఇంట వండిన పదార్థములను చిత్రీకరణస్థలమునకు దెచ్చి తోడివారికి వడ్డించునట్టి యామెను, ఆమెతో నటించినవారు తలచుకొనుచునే యుండిరి. అయినను లోకమేమి చేసినది? ఇంత చక్కని పేరును కుమార్తెకు బెట్టుటకు జంకినది. నోరుగల కోడలిని, దురుసైన యత్తను 'సూర్యకాంతమ'ని వెక్కిరించినది. పాత్రను జూచి మనిషికి శిక్ష వేసితిమి.

మహాశయులారా! ఆ తప్పు నేనును చేసితిని. ఉద్యోగము చేయుచున్న దినములలో నొక పాఠశాలలో వార్షికోత్సవనాటకమున, మన కులపు బాలిక యొకతె గయ్యాళియత్త వేషము వేసినది. సభయంతయు కడుపుబ్బ నవ్వినది. మఱునాటినుండి వీథిలో పిల్లలామెను ఆ వేషపు పేరుతో పిలువసాగిరి. "పెండ్లికావలసిన పిల్ల, ఈ పేరు నిలిచిపోయిన నేమగును, పంతులుగారూ?" అని తండ్రి నన్నడిగెను. నాట్యశాస్త్రము చదివినవాడనై యుండియు, పాత్ర వేఱు నటి వేఱని యొక్కమాట చెప్పలేకపోతిని. "మీ యిష్టము" అని తప్పించుకొంటిని. ఆ బాలిక మఱల రంగస్థల మెక్కలేదు. ఆనాటి నా మౌనము నేటికిని నన్ను బాధించుచున్నది.

మనమున్నది ఓరుగల్లు. గణపతిదేవుని గజసాహిణియగు జాయపసేనాని నృత్తరత్నావళిని రచించినది కాకతీయుల కాలముననే. క్రీడాభిరామము ఈ నగరపు మాచల్దేవిని నేటికిని మన కన్నుల ముందు నిలుపుచున్నది. ఆడువారిని జూచి యానందించుట మన యూరికి క్రొత్తకాదు. వారిని మన బిడ్డలనుకొనుటయే క్రొత్త. 1977 లో హైదరాబాదు దూరదర్శన్ కేంద్రము వెలసినది మొదలు నటన మన నట్టింటికే వచ్చినది. 2001 లో మొదలైన 'అమృతము' వంటి హాస్యధారావాహికలను ఇంటిల్లిపాదియు కూర్చుండి చూచితిమి. ఇతరుల బిడ్డ నవ్వించిన చప్పట్లు. మన బిడ్డ నవ్వించిన తలవంపులా?

పోషకులకు నా విన్నపమొక్కటే. ప్రతివర్షము పరీక్షలలో ప్రథమస్థానము పొందినవారికి బహుమానము లిచ్చుచున్నారు; సంతోషము. రాబోవు మహాసభనాటి సాయంకాలము బాలికలచే నొక హాస్యనాటిక యాడించి, మిక్కిలి నవ్వించిన బాలికకు గూడ నొక బహుమానమిండు. నా ఉపకారవేతనమునుండి మొదటి మొత్తమును నేనే సమర్పించుకొందును. ఆ బాలికను వేషపు పేరుతో గాక, తల్లిదండ్రులు పెట్టిన పేరుతో వేదికపైకి పిలువుడు. అది సూర్యకాంతముగారికి మన సంఘము చేయదగిన గౌరవము, నాకు ఋణవిముక్తి.