వంటింటి దీపం
(సంఘ సర్వసభ్య సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



పెద్దలు డి.ఏ. బకాయిల గురించి మాట్లాడారు. నేను వంటింటి బల్బు గురించి నాలుగు మాటలు మనవి చేస్తాను. నవ్వకండి. ఈ బల్బు మూలంగా నేను మా ఇంటావిడకు అన్యాయం చేశాను.

కిందటేడు అన్నంలో రాళ్లు, పప్పులో పురుగులు రావడం మొదలైంది. "నీకు ధ్యాస తగ్గింది" అని నలుగురిలో విసుక్కున్నాను. ఆమె ఊరుకుంది. కంటి డాక్టరుకు చూపిస్తే, "వయసుకు తగ్గ చూపు ఉంది. ఇంట్లో వెలుతురు ఉందా?" అని అడిగారు. వయసుతో కంటిపాప చిన్నదవుతుంది, కటకం పసుపుబారుతుంది. ఇరవై ఏళ్ల కంటి లోపలికి చేరే వెలుతురులో సుమారు మూడో వంతే అరవై ఏళ్ల కంటికి చేరుతుందట.

పాశమైలారంలో ఒక కంపెనీలో పనిచేసే మా పెద్దబ్బాయి వచ్చి చూశాడు. "నాన్నా, లైటు అమ్మ వీపు వెనక ఉంది. ఆమె నీడ ఆమె చాట మీదే పడుతోంది. మా దగ్గరైతే మిషను మీద వెలుగు పడేలా పెడతారు" అన్నాడు. ముప్పై ఏళ్లుగా ఆ ఇంట్లో భోంచేస్తున్నా నాకిది తోచలేదు. ఆ గట్టు దగ్గర నేనెప్పుడూ నిలబడితే కదా!

ఇక కొనే సంగతి. వాట్లు కరెంటు ఖర్చును చెబుతాయి; వెలుతురును చెప్పేవి ల్యూమెన్లు. డబ్బా మీద ఆ అంకె చూడండి. పాత 60 వాట్ల బల్బు వెలుతురును 9 వాట్ల ఎల్.ఇ.డి. ఇస్తుంది. రోజుకు 5 గంటల లెక్కన నెలకు పాతది 9 యూనిట్లు కాలిస్తే, ఇది యూనిటున్నర లోపే. 2015 జనవరిలో మొదలైన ఉజాలా పథకంతో ఇవి చౌకగా ఇంటింటికీ చేరాయి.

రంగుకు కెల్విన్ అంకె ఉంటుంది. 2700 పసుపు, 6500 నీలి తెలుపు. గట్టుకు 4000 హాయిగా ఉంటుంది. సి.ఆర్.ఐ. 80కి తగ్గకుంటే పప్పు రంగు, మాత్రల రంగు సరిగా తెలుస్తాయి. గట్టు పైనున్న అర కింద, ముందు అంచున, కళ్లలో కొట్టకుండా చిన్న ఎల్.ఇ.డి. పట్టీ లైటు పెట్టించండి. పొయ్యికి, నీళ్లకు దూరంగా ఉండాలి. పని ఎలక్ట్రీషియనుకు అప్పగించండి. ఈ వయసులో మనం స్టూలు ఎక్కరాదు.

మా ఇంట్లో లైటు పెట్టిన సాయంత్రం, ఆమె చాటలోంచి ఒక రాయి ఏరి నా అరచేతిలో పెట్టింది. ఏమీ అనలేదు.

మిత్రులారా, ఈ రాత్రి ఇంటికి వెళ్లి మీ వంటగట్టు దగ్గర పది నిమిషాలు నిలబడి చూడండి. సెలవు.