మలయాళ సినిమా: నిత్యజీవితానికి సాహిత్యం వేసిన దారి

మలయాళ సినిమా మాట వస్తే మనవాళ్లు ముందుగా మెచ్చుకునేది దాని సహజత్వాన్ని. వానలు, కాలువలు, నటుల ప్రతిభ దానికి తోడ్పడి ఉండవచ్చు. కానీ దాన్ని ఇన్నేళ్లు నిలబెట్టింది రచయితకూ సినిమాకూ మధ్య తెగిపోని సంబంధమని నా ప్రతిపాదన. 1954లో అంటరానితనాన్ని కథావస్తువుగా తీసుకున్న ‘నీలక్కుయిల్’ కథ సాహిత్యకారుడు ఉరూబ్‌ది. ఇద్దరు దర్శకుల్లో ఒకరైన పి. భాస్కరన్ కవి. 1965లో దక్షిణాదికి తొలిసారి రాష్ట్రపతి స్వర్ణపతకం తెచ్చిన ‘చెమ్మీన్’ తకళి నవల. అందులో ప్రేమ ఎంత ముఖ్యమో, పడవా వలా సొంతం చేసుకోవాలన్న జాలరి ఆశ, అందుకు చేసిన అప్పు అంతే ముఖ్యం. 1973లో ఎం.టి. వాసుదేవన్ నాయర్ తన కథనే ‘నిర్మాల్యం’గా తీశారు, దేవి పూని మాట్లాడే వెలిచ్చప్పాడు ఇంట్లో పొయ్యి వెలగడం లేదన్నదే దాని ఇతివృత్తం. నాటకరంగం నుంచి వచ్చిన లోహితదాస్ 1989లో ‘కిరీడం’లో ఒక కానిస్టేబుల్ కుటుంబం కూలిపోవడాన్ని రాశారు.

ఇదంతా చిన్న మార్కెట్, తక్కువ పెట్టుబడి వల్లనే అనేవారున్నారు. డబ్బు లేకపోతే సెట్టింగులు తగ్గుతాయి; అంతమాత్రాన పాత్రలకు ప్రాణం రాదు. అదే మార్కెట్లో 1993లో ‘దేవాసురం’, 2000లో ‘నరసింహం’ వంటి ఆభిజాత్య వీరుల కథలూ ఆడాయి. ఆ దారి మళ్లింపు పెట్టుబడితో కాదు, రాతతోనే జరిగింది. 2016లో ఇడుక్కిలోని ఫొటో స్టూడియో యజమాని అవమానాన్ని కథగా మలిచిన ‘మహేషింటె ప్రతికారం’ కూడా రాతబలంతోనే నిలిచింది.

తెరకెక్కేది ఎవరి నిత్యజీవితం అన్న ప్రశ్న ఇంకా బలమైనది. తొలి మలయాళ చిత్రం ‘విగతకుమారన్’లో నాయర్ స్త్రీగా నటించినందుకు దళిత నటి పి.కె. రోసీని ఊరొదిలి పోయేలా తరిమారు. సినీరంగంలో స్త్రీల పరిస్థితిపై జస్టిస్ హేమ కమిటీ నివేదిక 2024లో బయటికొచ్చాక తెరమీది నిజాయితీ తెరవెనుక లేదని తేలింది. ఈ ఆక్షేపణకు నా దగ్గర సమాధానం లేదు, అంగీకారమే ఉంది. అయితే అది నా వాదాన్ని కొట్టివేయదు, దాని హద్దు చూపుతుంది: ఎవరు రాస్తే వారి జీవితమే తెరకెక్కుతుంది.

మన తెలుగు సినిమాకూ ఆ సంపద లేకపోలేదు. ‘నీలక్కుయిల్’కు పదహారేళ్ల ముందే, 1938లో, గూడవల్లి రామబ్రహ్మం ‘మాలపిల్ల’ తీశారు. దాని కథ చలంది. ఆ బాటలో నడిచినవారు తర్వాత తగ్గిపోయారు. ‘మహేషింటె ప్రతికారం’ కథను 2020లో తెలుగులో అరకుకు మార్చి తీసినప్పుడు అది మన ఊళ్లోనూ ఒదిగింది. అంటే మన నేలకు ఆ కథలు పరాయివి కావు. నిర్మాతలకు నా విన్నపం ఒక్కటే: పొరుగు సినిమా హక్కులు కొనేముందు మన కథాసంకలనాలు చదవండి, వాటిని రాసినవారిని పిలిచి కూర్చోబెట్టండి, వారి పేరు తెరమీద వేయండి.