గిర్మిట్ కాగితంలో ఆడకూలీ

(గన్నవరంలో మహిళా కార్యకర్తల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



ఉయ్యూరు ఫ్యాక్టరీకి చెరకు తోలిన ఊళ్ళవాళ్ళు మీలో ఉన్నారు. ఆకు దూయటం, జడ చుట్టటం, కలుపు తీయటం, మోపులు కట్టటం ఎంత కష్టమో మీకు నేను చెప్పనవసరం లేదు. ఈ జిల్లా నుంచి కూడా మనుషులు సముద్రం దాటి వెళ్ళి చెరకు పండించిన ఒక దేశం ఉంది. పసిఫిక్ మహాసముద్రంలోని ఫిజీ. ఆ చక్కెర చరిత్రను ఆడకూలీ వైపు నుంచి చూద్దామని నా ప్రయత్నం.

1874లో ఫిజీ దీవులు బ్రిటిష్ వారి చేతికి వచ్చాయి. మరుసటి ఏడు తట్టు సోకి అక్కడి ప్రజలు వేల సంఖ్యలో చనిపోయారు. మొదటి గవర్నరు ఆర్థర్ గోర్డన్ అంతకుముందు మారిషస్ గవర్నరు. బానిసత్వం రద్దయ్యాక అక్కడి చెరకు తోటలు భారతీయ కూలీలతో ఎలా నడిచాయో చూసినవాడు. ఫిజీ ప్రజలను తోటల్లోకి దింపకూడదని నిర్ణయించి, ఆ బరువు మన మీద పెట్టాడు. 1879 మే 14న ‘లియోనిడాస్’ ఓడ కలకత్తా నుంచి మొదటి కూలీలను తెచ్చింది. 1882లో ఆస్ట్రేలియాకు చెందిన సి.ఎస్.ఆర్. కంపెనీ నౌసోరిలో మిల్లు తెరిచింది. ఆ తర్వాత తొంభై ఏళ్ళపాటు ఫిజీ చక్కెర అంటే ఆ కంపెనీయే.

1916 దాకా వెళ్ళినవారు 60 వేలకు పైగా. 1903 నుంచి మద్రాసు రేవు కూడా తెరిచారు. అక్కడి నుంచి వెళ్ళినవారు సుమారు 15 వేలు. ఉత్తర ఆర్కాటు, మలబారు, తంజావూరు జిల్లాల సరసన విశాఖపట్నం, గోదావరి, కృష్ణా జిల్లాల పేర్లు కూడా ఉన్నాయి. కృష్ణ ఆనకట్ట 1855లోనే పూర్తయింది, కాలవలు పారాయి, డెల్టా పచ్చబడింది. అయినా ఇక్కడి నుంచి మనుషులు ఎందుకు వెళ్ళారు? కాలవ నీళ్ళు భూమి ఉన్నవాడి పొలంలోకి వెళ్ళాయి. భూమి లేనివాళ్ళకు మిగిలింది కూలీయే.

వాళ్ళు వేలిముద్ర వేసిన కాగితం పేరు ‘అగ్రిమెంటు’. కూలీల నోట అది ‘గిర్మిట్’ అయింది. అయిదేళ్ళ ఒప్పందం. రోజుకు తొమ్మిది గంటలు, శనివారం అయిదు గంటలు పని. కొలత ప్రకారం ఇచ్చిన పని పూర్తికాకపోతే కూలి కోత. పనికి రాకపోతే అది నేరం, కోర్టు, జరిమానా, జైలు. పది అడుగుల పొడవు, ఏడు అడుగుల వెడల్పు గదిలో ముగ్గురు ఒంటరి మగవాళ్ళు, లేకపోతే ఒక కుటుంబం. సొంత ఖర్చు లేకుండా తిరిగి రావాలంటే పదేళ్ళు ఆగాలి.

ఆ కాగితంలోనే ఇంకో మాట ఉంది. మగవాడికి రోజుకు ఒక షిల్లింగు, అంటే పన్నెండు పెన్నీలు. ఆడదానికి తొమ్మిది పెన్నీలు. మన కూలి తక్కువ కావటం ఏదో ఆచారం, అలవాటు అని అంటూ ఉంటారు కదా. అక్కడ అది ప్రభుత్వం అచ్చువేయించిన షరతు. కడుపుతో ఉన్నా, చంకన బిడ్డ ఉన్నా పని చేసిన రోజుకే కూలి.

నూరుమంది మగవాళ్ళకు నలభైమంది ఆడవాళ్ళుండాలన్నది నిబంధన. ఈ లెక్క స్త్రీల మేలు కోసం పుట్టలేదు. తోట నడవటానికి ఎందరు ఆడవాళ్ళు చాలునో లెక్కగట్టారు. ఆ సంఖ్య నిండకపోతే ఓడ కదలదు కాబట్టి ఏజెంట్లు ఆడవాళ్ళ కోసం వెతికేవారు. తర్వాత తోటల్లో హత్యలు, ఆత్మహత్యలు పెరిగినప్పుడు అధికారులు ఏమన్నారు? ‘వచ్చిన ఆడవాళ్ళు మంచివాళ్ళు కారు’ అన్నారు. ఉత్తర భారతం నుంచి వెళ్ళిన స్త్రీలలో దాదాపు మూడింట రెండు వంతులమంది భర్త వెంట కాకుండా వెళ్ళారని చరిత్రకారుడు బ్రిజ్ లాల్ ఓడ కాగితాలన్నీ లెక్కించి చూపించాడు. వితంతువులు, భర్త వదిలేసినవాళ్ళు, కరువులో తిండి లేనివాళ్ళు. బతకటానికి సముద్రం దాటే తెగువ చూపించినందుకు వాళ్ళకు దక్కింది చెడ్డపేరు.

1913లో కుంతి అనే కూలీని ఓవర్సీరు మిగతావారికి దూరంగా ఒంటరిగా పనికి పంపి, మీద పడబోయాడు. ఆమె తప్పించుకుని నదిలోకి దూకింది. చిన్న పడవలో ఉన్న ఒక కుర్రవాడు కాపాడాడు. ఆమె కథ ‘భారత్ మిత్ర’ పత్రికలో వచ్చి దేశం భగ్గుమంది. విచారణ చేసిన ఫిజీ అధికారులు ఆమె అబద్ధమాడుతోందని, ఆమె నడత మంచిది కాదని తేల్చారు. ఈ తీర్పు మన పోలీసు స్టేషన్లలో మీరు ఎన్నిసార్లు వినలేదు!

1917 జనవరిలో అలహాబాదులో సరోజినీ నాయుడు ఈ పద్ధతిని రద్దు చేయాలని ఆవేశంగా మాట్లాడారు. మహిళా ప్రతినిధులు వైస్రాయిని కలిశారు. 1918లో ఆస్ట్రేలియా మహిళా సంఘాలు పంపిన ఫ్లోరెన్స్ గార్న్‌హామ్ కూలీ లైన్లలో స్త్రీల దుస్థితిని నివేదికగా రాసింది. 1920 జనవరి 1న మిగిలిన ఒప్పందాలన్నీ రద్దయ్యాయి. ఇది గొప్ప విజయం. అయినా ఒక సంగతి మనం గమనించాలి. దేశాన్ని కదిలించింది ‘మన ఆడవాళ్ళ మానం’ అన్న మాట. తొమ్మిది పెన్నీల సంగతి ఆ కేకల్లో వినపడలేదు.

అదే నెలలో సువాలో కూలి పెంచమని సమ్మె మొదలైంది. జయకుమారి మణిలాల్ నాయకత్వంలో ఆడవాళ్ళు వీధుల్లోకి వచ్చారు. పోలీసు కాల్పుల దాకా వెళ్ళింది. మణిలాల్ దంపతులు ఫిజీ వదిలి పోవలసి వచ్చింది. తర్వాత కంపెనీ తోటలను సుమారు పదెకరాల చొప్పున ముక్కలు చేసి కౌలుకిచ్చింది. కౌలు కాగితం మీద పేరు మగవాడిది. ఆడదాని తొమ్మిది పెన్నీలు కూడా పోయి, ఆమె చాకిరీ ‘ఇంటిపని’ అయిపోయింది.

1970లో ఫిజీ స్వతంత్రమైంది. 1973లో సి.ఎస్.ఆర్. వెళ్ళిపోయి మిల్లులు ప్రభుత్వ కార్పొరేషను కిందికి వచ్చాయి. 1997 నుంచి కౌళ్ళ గడువు తీరుతూ వేల కుటుంబాలు పొలాలు వదిలాయి. అక్కడ మనవాళ్ళు 1941లో పెట్టుకున్న ఆంధ్ర సంగం ఇంకా ఉంది.

ఈ చరిత్రంతా ఇప్పుడెందుకు? మన జిల్లాల నుంచి ఇంటిపనికి గల్ఫు వెళ్ళే ఆడవాళ్ళ కోసం. కాగితం చదవనివ్వరు, పాస్‌పోర్టు యజమాని దగ్గర ఉంటుంది, పారిపోతే నేరం. ముప్ఫై ఏళ్ళు నిండని స్త్రీ ఆ పనికి ఆ దేశాలకు వెళ్ళకూడదని మన ప్రభుత్వం నిబంధన పెట్టింది. రక్షణ పేరు చెప్పి తలుపు మూస్తే దొడ్డిదారిన ఏజెంటు నిలబడి ఉంటాడు. విజిట్ వీసా మీద వెళ్ళినామె పేరు ఏ రికార్డులోనూ ఉండదు. ఇంటిపనివారి హక్కుల మీద 2011లో వచ్చిన 189వ అంతర్జాతీయ కార్మిక ఒప్పందాన్ని భారతదేశం ఇంతవరకు ధృవీకరించలేదు.

కాబట్టి ‘ఆడది వెళ్ళవచ్చునా’ అన్న ప్రశ్నను మనం పక్కన పెట్టాలి. ఏ షరతుల మీద వెళుతోంది, ఎంత జీతానికి, తిరిగి వచ్చే హక్కు ఎవరి చేతిలో ఉంది అని అడగాలి. ఒప్పందం తెలుగులో ఉండాలి, ఒక ప్రతి ఆమె చేతిలో, ఒకటి ఇంటి దగ్గర ఉండాలి. ఏజెంటు లైసెన్సు నంబరు మనం రాసిపెట్టుకోవాలి. ఆమె ఫిర్యాదు చేసినప్పుడు ముందు నడత గురించి అడిగే అధికారిని అక్కడే ఆపి, బకాయి జీతం సంగతి రాయించాలి. ఊరూరా మన సంఘాలు ఈ పని మొదలుపెట్టాలని కోరుతున్నాను.