కబళము దిగని వ్యాధి

మ్రింగిన కబళము తన బరువుచేతనే కడుపులోనికి జారునని పలువురు తలంతురు. నిజమునకు సుమారు 25 సెంటీమీటర్ల అన్నవాహిక అలలుగా ముడుచుకొనుచు దానిని క్రిందికి నెట్టును. తుదనున్న కండరపు ద్వారము అప్పుడు సడలి దారి యిచ్చును.

కొందరిలో అచ్చటి నరములు క్షీణించును. అలలు ఆగును, ద్వారము సడలదు. ఈ వ్యాధి పేరు అకలేషియా. అన్నమే కాదు, మొదటినుండియు మంచినీరు దిగుటయు కష్టమగును. పడుకొన్నచో తిన్నది గొంతునకు తిరిగివచ్చును. విల్లిస్ అను ఆంగ్లవైద్యుడు తిమింగలపు నోటి ఈనె కొనకు స్పంజి గట్టి ఒక రోగికిచ్చిన సంగతిని 1674లో వ్రాసెను. ఆ రోగి 15 ఏండ్లు ప్రతి భోజనమును దానితోనే క్రిందికి నెట్టుకొనెనట! ఎంతటి ఓర్పు! 1913లో జర్మనీ వైద్యుడు హెల్లర్ బిగిసిన కండరమును కోసి దారి తెరచెను. 2008లో జపాను వైద్యుడు ఇనోవె నోటిద్వారా గొట్టమును పంపి ఆ పనినే పొట్ట కోయకుండ చేసెను. నేడది హైదరాబాదులోను జరుగుచున్నది.

వేరొక బాధ కలదు. మొదట ముద్ద, కొన్ని వారములకు జావ, పిమ్మట నీరు దిగకపోయినచో అది పుండు కావచ్చును, క్యాన్సరును కావచ్చును. దానిని వాయువని సోడా త్రాగుచు నెలలు గడపరాదు. సికింద్రాబాదు గాంధీ ఆసుపత్రి వంటి చోట గొట్టము వేయించి వెంటనే చూపించుకొనవలెను.