గుబ్బి వీరణ్ణగారి రంగస్థల జీవితము



1950లో అమెరికాయందు మాక్స్ లీబ్‌మన్ అను నిర్వాహకుడు పాట, ఆట, హాస్యము కలిపి ప్రతి శనివారము తొంబది నిమిషముల ప్రదర్శనను టెలివిజనులో చూపింప మొదలిడెను. అంతకు ఎంతో మునుపే అట్టి కార్యమును ఊరూర డేరాలు వేసి సాగించిన మహనీయులు మన తుమకూరు జిల్లాలోనే యుండిరి.

వారు గుబ్బి వీరణ్ణగారు. 1884లో స్థాపితమైన గుబ్బి కంపెనీలో బాల్యముననే చేరి, 1917లో దాని యాజమాన్యము వహించిరి. తాము హాస్యనటులయ్యును నవ్వించుటతో తృప్తినొందలేదు. స్త్రీపాత్రలను స్త్రీలకే యిచ్చుటకు సాహసించిరి. 1934లో 'కురుక్షేత్ర' నాటకమునకై నిజమైన ఏనుగులను, గుఱ్ఱములను రంగముపైకి దెచ్చిరి. వాని మేత ఖర్చు తలచుకొన్నను నేటి నిర్వాహకులకు గుండె ఝల్లుమనును! 1972లో వీరణ్ణగారు కీర్తిశేషులైరి.

మూడు దిక్కుల ఆంధ్రదేశము గల పావగడవారమైన మనకు ముఖ్యమైన సంగతి వేఱొకటి. ఆ కంపెనీ కన్నడముతో ఆగక తెలుగు నాటకములను గూడ ఆడెను. కన్నడ రంగస్థలము పరులదని మన పిల్లలు పలుకగా విన్నప్పుడు నాకు మిక్కిలి బాధ కలుగును. ఆ కంపెనీలో నటన నేర్చిన రాజ్‌కుమార్ 1954లో 'బేడర కణ్ణప్ప' చిత్రమున నాయకుడై, ఆ యేటనే 'కాళహస్తి మహాత్మ్యము' అను తెలుగు చిత్రమునను కన్నప్ప వేషము ధరించెను.